కారణం చెప్పమని అడుగుదాం

2018 డిసెంబర్ 7. తెలంగాణ శాసనసభ ఎన్నికల పోలింగ్ రోజు. చేతిలో ఓటరు గుర్తింపు కార్డు ఉంది, ఇల్లు మారలేదు, గత ఎన్నికల్లో ఓటు వేసిన జ్ఞాపకమూ ఉంది. అయినా బూత్ దాకా వెళ్ళిన ఎందరో "మీ పేరు జాబితాలో లేదు" అన్న ఒక్క మాట విని వెనుదిరిగారు. ప్రముఖ బ్యాడ్మింటన్ క్రీడాకారిణి గుత్తా జ్వాల పేరు కూడా ఆ రోజు గల్లంతయింది కాబట్టి సంగతి దేశమంతా తెలిసింది. రాష్ట్ర ప్రధాన ఎన్నికల అధికారి రజత్ కుమార్ ఓటర్లకు క్షమాపణ చెప్పారు. క్షమాపణ చెప్పడం మంచిదే. అయితే తన పేరు ఎవరు తీసేశారు, ఎందుకు తీసేశారు, తీసే ముందు తనకొక మాట ఎందుకు చెప్పలేదు అని అడిగిన సామాన్య ఓటరుకు మాత్రం జవాబు దొరకలేదు.

దాని మూలం మూడేళ్ళ వెనుక ఉంది. ఓటర్ల జాబితాను ఆధార్‌తో ముడిపెట్టి 'శుద్ధి' చేసే కార్యక్రమాన్ని ఎన్నికల సంఘం 2015 మార్చిలో మొదలుపెట్టింది. ఆధార్ వినియోగంపై సుప్రీంకోర్టు అదే ఏడాది ఆగస్టు 11న ఇచ్చిన మధ్యంతర ఉత్తర్వుతో అది ఆగింది. ఆగేలోపే రెండు తెలుగు రాష్ట్రాల్లో శుద్ధి చాలా దూరం సాగిపోయింది. లక్షల పేర్లు తొలగిపోయాయి. (శుద్ధి అన్న మాటే మాకు ఎబ్బెట్టుగా తోస్తుంది. బియ్యంలో రాళ్ళు ఏరినట్టు పౌరులను ఏరడమేమిటి?) 2019 ఎన్నికలకు ముందు ఆంధ్రప్రదేశ్‌లో మరో ముచ్చట చూశాం. ఇతరుల పేర్లు తొలగించమంటూ లక్షల సంఖ్యలో ఫారం–7 దరఖాస్తులు ఆన్‌లైన్‌లో వచ్చిపడ్డాయి. విచారిస్తే వాటిలో అధిక భాగం బూటకమని తేలింది, పోలీసు కేసులు నమోదయ్యాయి. ఎక్కడో కూర్చుని కంప్యూటర్ మీద నాలుగు గడులు నింపితే ఇంకొకరి ఓటుకు గండి పడే పరిస్థితి అది.

ఈ పాత కథ ఇప్పుడెందుకంటే, బీహార్ దాన్ని మరింత పెద్ద ఎత్తున మన ముందుకు తెచ్చింది. ఓటర్ల జాబితా ప్రత్యేక సమగ్ర సవరణకు ఎన్నికల సంఘం 2025 జూన్ 24న ఆదేశించింది. ఆగస్టు 1న వెలువడిన ముసాయిదాలో సుమారు 65 లక్షల పేర్లు లేవు. చనిపోయారని, వలస వెళ్ళారని, రెండుచోట్ల నమోదయ్యారని సంఘం మొత్తంగా లెక్క చెప్పింది గానీ, ఏ పేరు ఏ కారణంతో పోయిందో విడివిడిగా చెప్పడానికి మొదట ఇష్టపడలేదు. ఆగస్టు 12న యోగేంద్ర యాదవ్ సుప్రీంకోర్టులో ఇద్దరు వ్యక్తులను నిలబెట్టి, వీరు ముసాయిదా ప్రకారం మృతులని చెప్పారు. రెండు రోజుల తర్వాత, ఆగస్టు 14న, న్యాయస్థానం స్పష్టంగా ఆదేశించింది. తొలగించిన ప్రతి పేరునూ కారణంతో సహా ప్రచురించాలి, కార్డు నంబరుతో వెతుక్కునే వీలుండాలి, స్థానిక కార్యాలయాల్లో గోడలకు అంటించాలి అని.

ఆ ఆదేశంతో అన్యాయం ఆగిపోయిందని మేము అనడం లేదు. సెప్టెంబర్ 30న వచ్చిన తుది జాబితాలో 7.42 కోట్ల మంది మిగిలారు. జూన్‌లో ఉన్నది 7.89 కోట్లు. అయినా కారణం రాసిన కాగితం గోడ మీదికి వచ్చిన నాటి నుంచి పోరాటం స్వభావం మారింది. అంతవరకు "నా పేరు లేదు" అని వాపోవడం తప్ప దారి లేనివారు, "నేను చనిపోయానని రాశారు, ఇదిగో నేను" అని చెప్పగలిగారు.

ఈ వ్యాసంలో మేము చెప్పదలచుకున్నది ఇంతే. ఓటు పోయినా, మాట పోయినా, బతుకుతెరువు పోయినా ఈ దేశంలో ముస్లింలకు మొదట దక్కాల్సినదీ, చాలాసార్లు దక్కనిదీ ఒకటే. అది రాతపూర్వకమైన కారణం. ఓటరు జాబితా విషయంలో ఈ సంగతి మన సముదాయం ఎంతోకొంత గ్రహించింది. మస్జిదు ఆవరణల్లో, బస్తీ సమావేశాల్లో జాబితాలు పరిశీలించే పని నడుస్తోంది. ఇంటర్నెట్ నియంత్రణ ప్రస్తావన వస్తే మాత్రం "అది చదువుకున్న పిల్లల గొడవ భాయ్, మనకెందుకు" అన్న మాట వినిపిస్తుంది. ఆ మాటతో మేము ఏకీభవించడం లేదు.

2024 లోక్‌సభ ఎన్నికలను తీసుకోండి. ఏప్రిల్ 21న రాజస్థాన్‌లోని బాంస్‌వాడాలో ప్రధానమంత్రి చేసిన ప్రసంగం, అందులో ముస్లింలను ఉద్దేశించి వాడిన మాటలు మనం మరచిపోయేవి కావు. ఎన్నికల సంఘం నోటీసు ఇచ్చింది. అదైనా ప్రసంగించినవారికి కాదు, ఆయన పార్టీ అధ్యక్షుడికి. మే 4న కర్ణాటక బీజేపీ ఖాతాలో ఒక కార్టూన్ వీడియో వచ్చింది. గూటిలో ఎస్సీ, ఎస్టీ, ఓబీసీ అనే గుడ్లుంటాయి, వాటి మధ్యకు ముస్లిం అనే గుడ్డును తెచ్చి పెడతారు, పుట్టిన ఆ పిల్ల మిగతావాటి తిండి కాజేసి వాటిని గూటి నుంచి తోసేస్తుంది. ఫిర్యాదులు వెంటనే వెళ్ళాయి. దాన్ని తొలగించమని ఎన్నికల సంఘం ఎక్స్ సంస్థకు రాసింది మే 7న. ఆ రోజే కర్ణాటకలో చివరి విడత పోలింగ్. పెళ్ళయ్యాక బాజా మోగించినట్టయింది.

సరిగ్గా అదే రోజుల్లో మన తెలంగాణకు సంబంధించిన మరో వీడియో ఉంది. ముస్లింలకు ఇస్తున్న నాలుగు శాతం రిజర్వేషన్లను రద్దు చేస్తామని అమిత్ షా గతంలో ఇక్కడ చేసిన ప్రసంగాన్ని కత్తిరించి, ఎస్సీ, ఎస్టీ, ఓబీసీల రిజర్వేషన్లనే రద్దు చేస్తామన్నట్టుగా ఎవరో మార్చారు. అలా మార్చడం తప్పే. ఎవరు చేసినా తప్పే. దానిపై ఢిల్లీ పోలీసులు ఏప్రిల్ 28న కేసు పెట్టారు. మే 1న హాజరుకావాలని ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డికే నోటీసు పంపారు. హైదరాబాద్‌లో అరెస్టులు జరిగాయి. చట్టానికి వేగంగా నడవడం చేతకాదని ఇక ఎవరూ అనలేరు. ఎవరి కోసం నడుస్తుందన్నదే ప్రశ్న. ఇక్కడ ఇంకో విషయం గమనించాలి.  వెనుకబాటుతనం ఆధారంగా 2007 చట్టం కింద ముస్లింలలోని కొన్ని వర్గాలకు మాత్రమే దక్కుతున్న ఆ నాలుగు శాతం, సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వు నీడలో ఇన్నేళ్ళుగా నిలిచి ఉన్న ఆ నాలుగు శాతం, తీసేస్తామన్న మాట ఆ గొడవలో మరుగున పడింది. దొంగ వీడియోపై జరిగిన రభసలో అసలు మాట సాఫీగా సాగిపోయింది.

ప్రభుత్వం ఒక్కటే కాదు, కంపెనీల సంగతీ చూడాలి. 2020 ఆగస్టులో అమెరికా పత్రిక వాల్ స్ట్రీట్ జర్నల్ ఒక కథనం ప్రచురించింది. గోషామహల్ ఎమ్మెల్యే రాజాసింగ్ ముస్లింలపై చేసిన వ్యాఖ్యలు ఫేస్‌బుక్ సొంత నియమాల ప్రకారమే నిషేధించదగినవని ఆ సంస్థ ఉద్యోగులు తేల్చినా, భారతదేశంలో విధాన వ్యవహారాలు చూసే ఉన్నతాధికారి అడ్డుపడ్డారని, అధికార పార్టీవారిపై చర్య తీసుకుంటే ఇక్కడి వ్యాపారం దెబ్బతింటుందని చెప్పారని ఆ కథనం సారాంశం. గగ్గోలు పుట్టాక సెప్టెంబర్ 3న ఆయనను ఫేస్‌బుక్ నిషేధించింది. గోషామహల్ మన ముంగిలి. ఆ వ్యాఖ్యల వేడి తగిలింది ఆ చుట్టుపక్కల దుకాణాలు పెట్టుకుని బతికే కుటుంబాలకు. వాటిని ఉంచాలా తీసేయాలా అన్న తూకంలో ఒక పళ్ళెంలో మన భద్రత, మరో పళ్ళెంలో కంపెనీ రాబడి. ఎన్నికలు, ఇంటర్నెట్, ఆర్థికం వేర్వేరు అధ్యాయాలని అనుకునేవారు ఈ ఒక్క ఉదంతాన్ని మళ్ళీ చదవాలి.

ఇలాంటివి చూసి మనలో చాలామంది ఒక నిర్ణయానికి వస్తారు. ఇంకా కఠినమైన చట్టం కావాలి, ప్రభుత్వానికి ఇంకా అధికారాలు కావాలి, ద్వేషం రాసేవాడి నోరు వెంటనే మూయించాలి అని. ఆ ఆగ్రహం మాకూ ఉంది. ముస్లిం మహిళల ఫోటోలు దొంగిలించి వేలానికి పెట్టినట్టు చూపిన 'సుల్లీ డీల్స్' 2021 జులైలో బయటపడినప్పుడు, మన ఆడబిడ్డలు ఎంతగా కుమిలిపోయారో మాకు తెలుసు. ఫిర్యాదులు ఇచ్చినా ఆరు నెలల పాటు ఒక్క అరెస్టూ లేదు. 2022 జనవరి 1న అదే కోవలో 'బుల్లీ బాయి' వచ్చాక, ముంబై పోలీసులు కదిలాక గానీ మొదటి ఉదంతం నిందితుడు దొరకలేదు. ఆ ఆరు నెలల్లో కొత్త చట్టమేదీ రాలేదు. ఉన్న చట్టంతోనే చివరికి పట్టుకున్నారు. కొరవడినది అధికారం కాదు, సంకల్పం.

కఠిన చట్టం చేతికిస్తే ఏమవుతుందో కూడా చూశాం. ఐటీ చట్టంలో 66ఎ సెక్షన్ ఉండేది. 2012 నవంబర్‌లో బాల్ ఠాక్రే మరణం తర్వాత ముంబై బంద్‌ను ప్రశ్నిస్తూ ఫేస్‌బుక్‌లో రాసిన ఒక ముస్లిం అమ్మాయినీ, దాన్ని లైక్ చేసిన ఆమె స్నేహితురాలినీ పాల్ఘర్‌లో అరెస్టు చేశారు. 2015 మార్చి 24న సుప్రీంకోర్టు ఆ సెక్షన్‌ను కొట్టివేసింది. కొట్టివేసిన తర్వాత కూడా ఠాణాల్లో ఆ సెక్షన్ కింద కేసులు పెడుతూనే ఉన్నారని 2021లో తెలిసి అదే కోర్టు నివ్వెరపోయింది. ఇక ఎవరినీ దాని కింద విచారించవద్దని 2022 అక్టోబర్‌లో మళ్ళీ ఆదేశించాల్సి వచ్చింది. చచ్చిన చట్టమే ఇంతకాలం కాటు వేస్తే, బతికున్నదాని సంగతి చెప్పేదేముంది?

2023 ఏప్రిల్‌లో కేంద్రం మరో అడుగు వేసింది. తన పనులపై వచ్చే వార్తల్లో ఏది అబద్ధమో తానే నియమించే విభాగం తేల్చేలా ఐటీ నిబంధనలను సవరించింది. వాది, న్యాయమూర్తి ఒకరే అన్నమాట. బొంబాయి హైకోర్టులో ఇద్దరు న్యాయమూర్తులు భిన్నాభిప్రాయాలు చెప్పగా, మూడో న్యాయమూర్తి 2024 సెప్టెంబర్ 20న ఆ సవరణ రాజ్యాంగ విరుద్ధమన్నారు. ఆ విభాగం నిలబడి ఉంటే, కరోనా తొలిరోజుల్లో తబ్లిగీ జమాత్ పేరిట మనపై సాగిన ప్రచారం లాంటిది మళ్ళీ తలెత్తినప్పుడు మన వివరణను అది నిజమంటుందా, అబద్ధమంటుందా? ఆ కేసుల్లో విదేశీ సభ్యులను బలిపశువులను చేశారని బొంబాయి హైకోర్టు ఔరంగాబాద్ ధర్మాసనం 2020 ఆగస్టులో చెప్పింది. అప్పటికి నెలల తరబడి టీవీల్లో తీర్పులు వచ్చేశాయి, గల్లీల్లో కూరగాయల బండ్లను అడ్డుకోవడమూ అయిపోయింది.

మళ్ళీ కారణం దగ్గరికే వద్దాం. ఐటీ చట్టం 69ఎ సెక్షన్ కింద ప్రభుత్వం వెబ్‌సైట్లను, ఖాతాలను మూయించవచ్చు. 66ఎను కొట్టేసిన తీర్పే దీన్ని నిలబెట్టింది. ఎందుకంటే ఇందులో కారణాలు రాతపూర్వకంగా నమోదు చేయాలి, వాటిని కోర్టులో సవాలు చేయవచ్చు అని. వినడానికి బాగానే ఉంది. అయితే 2009 నాటి నిబంధనల్లో 16వది ఆ వ్యవహారమంతా గోప్యంగా ఉంచాలంటుంది. కారణం రాసి ఉంటుంది, బాధితుడికి మాత్రం చూపరు. చూడని కారణాన్ని సవాలు చేయడమెలా?

ఇక పూర్తిగా ఇంటర్నెట్‌నే ఆపేయడం. హర్యానాలో ముస్లింలు అధికంగా ఉన్న నూహ్ జిల్లాలో 2023 జులై 31న హింస జరిగింది. అంతకు ముందు రోజుల్లో రెచ్చగొట్టే వీడియోలు ఫోన్ల నిండా తిరిగాయి. వాటిని ఆపినవారు లేరు. హింస తర్వాత జిల్లా మొత్తానికి మొబైల్ ఇంటర్నెట్ బంద్ చేశారు. ఆ చీకటిలో బుల్డోజర్లు కదిలాయి. రోజుల తరబడి ఇళ్ళూ దుకాణాలూ కూలాయి. నోటీసు లేదు, కారణం లేదు. పత్రికల వార్తలు చూసి పంజాబ్–హర్యానా హైకోర్టు ఆగస్టు 7న తనంతట తానే కేసు చేపట్టి, శాంతిభద్రతల ముసుగులో ఒక వర్గం కట్టడాలనే కూలుస్తున్నారా అని సూటిగా ప్రశ్నించి కూల్చివేతలను ఆపింది. మండుతున్నప్పుడు నీళ్ళు పోయనివారు, మంట చల్లారాక బావికి తాళం వేసినట్టు ఉంది ఆ బంద్.

ఇంటర్నెట్ బంద్ అంటే యువకులకు రీల్స్ ఆగడమేనని పెద్దలు కొందరు తేలిగ్గా తీసుకుంటారు. ఇవాళ చాయ్ బండి మీద కూడా క్యూఆర్ కోడ్ అట్ట వేలాడుతోంది. డెలివరీ పిల్లవాడి కూలి ఫోన్లో ఉంది. ఆటో నడిపేవాడి బేరం ఫోన్లో ఉంది. రేషన్ దుకాణంలో ఈ–పోస్ యంత్రం మీద వేలు పెడితే సిగ్నల్ ఉంటేనే బియ్యం కదులుతాయి. 2023 జనవరిలో ఉపాధి హామీ కూలీల హాజరు సైతం రోజుకు రెండుసార్లు యాప్‌లో ఫోటో తీసి పంపితేనే పడే పద్ధతి తెచ్చారు. ప్రభుత్వమే పేదవాడి పూటకూటిని తీగకు కట్టింది, ప్రభుత్వమే ఆ తీగను తెంపుతోంది. కశ్మీర్‌లో 2019 ఆగస్టు నుంచి 2021 ఫిబ్రవరి వరకు, ఏడాదిన్నర పాటు, 4జీ లేదు. మొదటి నాలుగు నెలల్లోనే 17,878 కోట్ల రూపాయల నష్టం జరిగిందని అక్కడి వాణిజ్య మండలి లెక్క కట్టింది. ఆ కేసులోనే 2020 జనవరి 10న సుప్రీంకోర్టు, బంద్ ఉత్తర్వులను ప్రచురించాలని, నిరవధికంగా ఆపడం చెల్లదని చెప్పింది. 2021 డిసెంబర్‌లో పార్లమెంటు స్థాయీ సంఘం ఆరా తీస్తే, దేశంలో ఎన్ని బంద్‌లు జరిగాయో కేంద్రం దగ్గర రికార్డే లేదని తేలింది. లెక్కే రాయనివారు కారణం రాస్తారా?

మన తప్పులు దాచుకోవడం మాకు ఇష్టం లేదు. 2018లో పిల్లలనెత్తుకుపోయే ముఠాలంటూ వాట్సాప్‌లో పుకార్లు తిరిగినప్పుడు, జులైలో బీదర్ జిల్లాలో హైదరాబాద్‌కు చెందిన మన యువ ఇంజనీరును జనం కొట్టి చంపారు. పిల్లలకు చాక్లెట్లు ఇచ్చినందుకు. ఆ పుకారును ముందుకు పంపినవాళ్ళలో మనవాళ్ళు లేరని ఎవరైనా చెప్పగలరా? ఆ వేసవిలో పాతబస్తీలోనూ అదే పుకారు పేరిట ఒక హిజ్రా ప్రాణం పోయింది. వార్త తెచ్చినవాడిని విచారించనిదే నమ్మవద్దని ఇంట్లో పిల్లలకు నేర్పేవాళ్ళం, ఫోన్ చేతికి రాగానే ఆ పాఠం మరిచాం. ఇతరుల అబద్ధానికి కారణం అడిగే ముందు మన ఫార్వర్డుకు కారణం మనం చెప్పగలగాలి.

కాబట్టి పార్టీలు ఓట్ల కోసం వచ్చినప్పుడు షాదీఖానాలు, శ్మశానవాటికల ప్రహరీలతో పాటు మరికొన్ని అడగాలన్నది మా అభిప్రాయం. అవీ అవసరమే, కాదనం. కానీ ఇంటర్నెట్ బంద్ ఉత్తర్వు అదే రోజు జిల్లా కలెక్టర్ కార్యాలయంలో, వెబ్‌సైట్లో పెడతామని ఈ రెండు రాష్ట్రాల్లో ఏ పార్టీ అయినా రాసి ఇస్తుందా? ఒక ఖాతాను మూసేస్తే ఆ ఖాతాదారుకు ఉత్తర్వు ప్రతి ఇచ్చేలా 16వ నిబంధనను మార్చమని మన ఎంపీలు పార్లమెంటులో అడుగుతారా? ఎన్నికల వేళ వచ్చే ద్వేష వీడియోపై ఫిర్యాదు చేస్తే పోలింగుకు ముందే నిర్ణయం రావాలని, ఆ నిర్ణయం కారణాలతో బహిరంగంగా ఉండాలని, అది ఎవరి ఖాతా అయినా సరే ఒకే గడువు వర్తించాలని పట్టుబడతారా? కూల్చివేతకు ముందు కారణాలతో 15 రోజుల నోటీసు ఇవ్వాలని 2024 నవంబర్ 13న సుప్రీంకోర్టు చెప్పింది. గోడకిచ్చిన ఆ నోటీసు మాటకు, ఓటుకు, ఉపాధికి ఎందుకు ఉండకూడదు?

కోర్టులే దిక్కనుకోవడమూ సరికాదు. తీర్పులు వచ్చాక కూడా పాత పద్ధతి సాగడం 66ఎ విషయంలో చూశాం. అందుకే బస్తీ స్థాయిలో చేయవలసింది చాలా ఉంది. ప్రత్యేక సమగ్ర సవరణ రెండో దశకు 2025 అక్టోబర్‌లో ఎంపిక చేసిన 12 రాష్ట్రాలు, కేంద్రపాలిత ప్రాంతాల్లో మన రెండు రాష్ట్రాలు లేవు. ఆ వెసులుబాటును వాడుకోవాలి. ఉర్దూ పేరు తెలుగులోకి, తెలుగు నుంచి ఇంగ్లీషులోకి మారేటప్పుడు ఒక్కో కార్డులో ఒక్కో రూపం దాలుస్తుంది. మహ్మద్, మొహమ్మద్, ఎండీ — ఒకే మనిషికి మూడు పేర్లు. కంప్యూటర్ దృష్టిలో ముగ్గురు మనుషులు. పెళ్ళయి వచ్చిన కోడలి పేరు పుట్టింట్లో ఉంటుంది, అత్తింట్లో ఉండదు, ఒక్కోసారి రెండుచోట్లా ఉంటుంది. ఈ తేడాలను ఫారం–8తో ఇప్పుడే సరిచేయించుకోవడం సవరణ వచ్చాక పరుగెత్తడం కంటే తేలిక. పేరు తొలగించే ముందు నోటీసిచ్చి వినడం అధికారుల విధి. 1995లో లాల్ బాబు హుస్సేన్ కేసులో సుప్రీంకోర్టు కూడా, ఇప్పటికే జాబితాలో ఉన్నవారిని పోలీసుల నివేదిక ఒక్కటే పట్టుకుని పరాయివారిగా జమకట్టవద్దని, ఎందుకు అనుమానిస్తున్నారో ముందు వారికి చెప్పాలని తేల్చింది. ఆ కేసులో నోటీసులు అందుకున్నది ఢిల్లీ, ముంబై మురికివాడల్లోని పేదలు. వాళ్ళు కోర్టు దాకా వెళ్ళబట్టే ఆ రక్షణ ఇవాళ మనకుంది.

బీఎల్ఓ ఇంటికి వచ్చినప్పుడు ఇంట్లో మగవాళ్ళు లేరని తలుపు మూయకండి. వచ్చిన తేదీ, చెప్పిన మాట, ఇచ్చిన ఫారం నంబరు ఒక నోటుపుస్తకంలో రాసి పెట్టుకోండి. దరఖాస్తు ఇస్తే రసీదు అడగండి. ఆన్‌లైన్‌లో ఇస్తే వచ్చిన రిఫరెన్సు నంబరును స్క్రీన్‌షాట్ మాత్రమే కాక కాగితం మీద కూడా ఎక్కించుకోండి, ఫోన్ పోవచ్చు, నెట్ పోవచ్చు. పేరు తీసేశామంటే ఏ కారణంతో, ఎవరి ఉత్తర్వుతో అని అడిగి రాయించుకోండి. రాసివ్వనంటే, రాసివ్వలేదన్న సంగతినే తేదీతో సహా మరో దరఖాస్తుగా రాసి, ఆ కార్యాలయంలోనే ముద్ర వేయించుకుని రండి.